కోట కావలివాడి గొంతు

హుమాయున్‌కు జ్వరం దిగి లేచి కూర్చునేసరికి ఆయన వేషం వేసిన సినిమా ప్రొద్దుటూరులో ఆఖరి రోజుకు వచ్చింది.

ఆ వారమంతా మంచం దగ్గరికి ఎవరో ఒకరు వస్తూనే ఉన్నారు. మగ్గం గుంటలో నుంచి లేచి నేరుగా వచ్చినవాళ్ళు, బజారుకు పోతూ తొంగిచూసినవాళ్ళు. మద్రాసులో ఆయన వేయని వేషం లేదు. మంత్రి, ముని, ద్వారపాలకుడు, పెళ్ళికూతురి తండ్రి. ఏ వేషమూ తెర మీద ఎక్కువసేపు బతకదు. కొత్త సినిమా వచ్చినప్పుడల్లా వీధివాళ్ళు "ఈతూరి ఎన్నో రీల్లో సస్తావు మామా?" అనడం, "టిక్కెట్టు కొని చూసుకో పో" అని ఆయన విసుక్కోవడం మామూలు. ఈసారి ఆ మాట ఎవరూ అడగలేదు.

"ఏం గొంతు మామా అది! ఇన్నేండ్లు యాడ దాచిపెట్టినావు?"

"మా ముసల్ది ఏడ్సింది, తెలుసునా? నా పెండ్లిలో గూడా కంట నీళ్ళు పెట్టలా."

హుమాయున్ దుప్పటిలో నుంచి చెయ్యి తీసి, చాల్లే అన్నట్టు ఊపేవాడు. వాళ్ళు పోయాక గోడవైపు తిరిగి పడుకునేవాడు. అఖ్తర్ బీ గంజి గ్లాసుతో వచ్చి భుజం తట్టితే, ఆయన ముఖంలో ఇంకా కొంచెం నవ్వు మిగిలి ఉండేది.

గండికోటలో తీశారు ఆ ఘట్టం. కిందటి చలికాలం మద్రాసు నుంచి లారీలు వచ్చాయి. ఆయనది కోట కావలివాడి వేషం. గెలిచిన యువరాజు వచ్చి తాళంచెవి అడుగుతాడు. కావలివాడు నాలుగు మాటలు చెప్పి తాళంచెవి ఇస్తాడు, తర్వాత చస్తాడు. ఆ నాలుగు మాటలే ఆయన బతుకులో అన్నింటికంటే పెద్ద సంభాషణ. కాగితం మీద ఉన్నది ఒకసారి చదివించుకుని డైరెక్టరు తల అడ్డంగా ఊపాడు. "ఈ రాళ్ళ మధ్య ఇలా కుదరదండీ. మీ ఊళ్ళో ముసలాయన ఎలా చెబుతాడో అలా చెప్పండి," అన్నాడు.

హుమాయున్ అట్లాగే చెప్పాడు. కెమెరా ఆగాక దీపాల దగ్గరి కుర్రాళ్ళు కూడా కాసేపు కదలలేదు. గాలి హోరు బాగా పడిందని, మద్రాసు పిలిపించి గొంతు మళ్ళీ పట్టుకుంటామని చెప్పి లారీలు దిగిపోయాయి. ఆ పిలుపు రాలేదు. చాలారోజులు ఎదురుచూశాడు. ఇప్పుడు జనం ఇట్లా మెచ్చుకుంటుంటే ఆయనకు ఒకటే తోచింది. మళ్ళీ పట్టే అవసరం లేక, ఆ గాలి హోరుతో సహా అట్లాగే ఉంచేసి ఉంటారు. ఇంకో వేషానికి మద్రాసు పోయే ఓపిక తనకు లేదని తెలుసు. అయినా ఇది ఒకటి మిగిలింది, చాలు అనుకున్నాడు.

ఆఖరి రోజు మొదటి ఆటకు అఖ్తర్ బీని తీసుకుని వెళ్ళాడు. ఆమె ఆడవాళ్ళ వైపు కూర్చుంది. హాలు గుమ్మంలో లక్ష్మీపతి అయ్యవారు కలిశాడు. చిన్నప్పుడు హుమాయున్‌కు అరుగు మీద కూర్చోబెట్టి తెలుగు పద్యాలు చెప్పినాయన. చూపు మందగించి నాలుగడుగులు వేస్తే ఎవరి భుజమో కావాలి. ఇద్దరూ పక్కపక్కన కూర్చున్నారు.

కోట వాకిలి తెర మీదికి వచ్చింది. తన తలపాగా, తన గడ్డం. తాళంచెవుల గుత్తి పట్టుకున్న తన చెయ్యి. నోరు తెరుచుకుంది.

"తాళపు చెవిదేమున్నది నాయనా! ఇనుప ముక్క. గైకొనుము."

హుమాయున్ పక్కకు చూశాడు, ఎవరో మాట్లాడుతున్నట్టు. మళ్ళీ తెర వైపు చూశాడు. తన పెదవులు ఒక మాట దగ్గర ఆగితే గొంతు ఇంకా సాగుతూనే ఉంది. పెదవులు మళ్ళీ తెరుచుకునేలోపు ఆ గొంతు ఒక వెక్కు వెక్కింది. ముప్పై ఏళ్ళు నిండని మనిషి గొంతు అది. ముసలితనం కోసం వణికిస్తున్నాడు. ముసలివాళ్ళ గొంతు వణకదు. ఊపిరి చాలక మాట మధ్యలో తెగుతుంది. ఆ సంగతి తెలియని వయసువాడిని మైకు ముందు నిలబెట్టారు.

చుట్టూ ముక్కులు ఎగబీల్చిన చప్పుడు. తెర మీద కత్తి దిగింది. కావలివాడు పడిపోయాడు.

ఆట వదిలాక లక్ష్మీపతి ఆయన భుజం పట్టుకుని నడుస్తూ, "ఎంత శుద్ధంగా పలికినావప్పా హుమాయూ!" అన్నాడు. "మన సీమ యాస ఒక్కచోట దొర్లలా. కోస్తావాళ్ళు గూడా వంక పెట్టలేరు. నేను చెప్పింది వృథా పోలేదు."

హుమాయున్ నోరు తెరిచాడు. అయ్యవారి వేళ్ళు భుజం మీద సంతోషంతో బిగిసి ఉన్నాయి.

"జ్వరం నీరసం సామీ," అన్నాడు. "ఇంటికాడ దింపి పోతా పదండి."

ఇంట్లో అఖ్తర్ బీ బురఖా తీసి వంకెకు తగిలించింది. దీపం వత్తి పెంచింది. మామూలుగా ఇద్దరూ ఉర్దూలో మాట్లాడుకుంటారు. కోపం వస్తే మాత్రం ఆమెకు తెలుగే వస్తుంది, పెండ్లిమర్రిలో రైతుల ఇళ్ళ మధ్య పెరిగిన తెలుగు.

"ఆ పలికినోడు ఎవడు?"

"ఎవడో. పిల్లోడు."

"నీ నోట్లో ఇంగొకడి పండ్లు పెట్టినట్లుండాది. నిన్ను పిలిస్తే నువ్వు పోవా? అంత దూరమా మద్రాసు?"

"పిలవలేదు గదా."

"ఏంటికి పిలవలేదు?"

హుమాయున్ చెప్పులు విడిచి మూలకు నెట్టాడు. "నా మాట మోటుగా ఉంటాదని," అన్నాడు. ఎవరూ ఆయనతో అట్లా అనలేదు. ఇన్నేళ్ళలో ఆయన వేషాలకు ఒకటి రెండు మాటలకు మించి ఎందుకు ఇవ్వలేదో అప్పుడే, ఆ మాట తన నోటి నుంచి వచ్చాకే, ఆయనకు తెలిసినట్టయింది.

*

మర్నాడు పొద్దున్నే ఆదినారాయణ శెట్టి వచ్చాడు. జమ్మలమడుగులో ఒకటి, పులివెందులలో ఒకటి ఆయన డేరా సినిమాలు. ప్రొద్దుటూరులో దిగిన సినిమాను తీసుకుపోయి అక్కడ ఆడిస్తాడు. నులకమంచం మీద కూర్చోకుండానే మొదలుపెట్టాడు.

"మామా, నువ్వు రావాల. బండి కట్టి ఊరంతా చాటిస్తా. కోట కావలివాడు సొయానా వస్తాండాడు అని."

"వచ్చి ఏం చేసేది?"

"ఏం చేసేదా! డేరాలో మిషిను ఒక్కటే గదా. రీలు మార్చేటప్పుడు దీపాలేస్తాం. నీ సీను అయిపోతానే రీలు అయిపోతాది, కుదిరినట్టు. అప్పుడు నువ్వు తెర ముందర నిలబడి ఆ నాలుగు మాటలు చెప్పు. అంతే. దుడ్ల సంగతి నాకు వదిలెయ్."

లోపలి నుంచి అఖ్తర్ బీ గొంతు వినిపించింది. "వారం దినాలుగా గంజి మింద ఉండాడు శెట్టీ. ఆయప్ప నిలబడతాడా?"

"కుర్చీ యేస్తాం వదినా. సింహాసనం యేస్తాం."

హుమాయున్ చేతిలో ఉన్న బీడీ వెలిగించకుండానే చూస్తూ కూర్చున్నాడు. తెర ముందర నిలబడి తన గొంతుతో చెప్పడం. మద్రాసులో ఎవడూ అడ్డు రాడు. జమ్మలమడుగంటే గండికోట కనుచూపు దూరంలో ఉన్న ఊరు, అక్కడివాళ్ళు వినాలి. ఒక్కసారి వింటే ఏది అసలో వాళ్ళకే తెలుస్తుంది.

"వస్తా," అన్నాడు.

శెట్టి సంతోషంతో చేతులు రుద్దుకున్నాడు. మధ్యాహ్నం ఆయన బస్సుకు పోయేటప్పుడు అఖ్తర్ బీ, ఉతికిన షేర్వానీ మడిచి సంచిలో పెట్టి, పైన ఉన్ని శాలువా పెట్టింది.

జమ్మలమడుగు డేరా నిండిపోయింది. నేల మీద జనం ఒకరి మోకాళ్ళ మధ్య ఒకరు కూర్చున్నారు. వేయించిన శెనక్కాయల పొట్టు కాళ్ళ కింద చిటపటలాడుతోంది. హుమాయున్ తెర పక్కన కుర్చీలో కూర్చుని, తన ముఖం చూడకుండా, చూస్తున్నవాళ్ళ ముఖాలు చూశాడు. వాళ్ళకు పెదవుల సంగతి పట్టలేదు. వెక్కు దగ్గర వాళ్ళు కూడా వెక్కారు.

రీలు అయిపోయి దీపాలు వెలిగాయి. శెట్టి చెయ్యెత్తి చెప్పగానే ఈలలు. హుమాయున్ లేచి నిలబడ్డాడు. ఈలలు ఆగేదాకా ఆగాడు. గండికోట మీద ఎట్లా చెప్పాడో అట్లాగే, ఎదుటివాడికి మాత్రమే చెబుతున్నట్టు మొదలుపెట్టాడు.

"తాళంచెవిదేముంది నాయనా, ఇనప ముక్క. తీసుకో. ఈ వాకిట్లో నుంచి పోయి తిరిగి రానోళ్ళు..."

"ఓప్పా!" నేల మీద నుంచి ఎవరో అరిచారు. "సినిమాలో మాదిరి చెప్పు!"

నవ్వులు.

"ఈయప్ప కాదులేరా. శెట్టి ఎవర్నో సాయిబును పట్టకచ్చి గడ్డం పెట్టినాడు."

"మా తాత గూడా చెప్తాడు ఇట్లయితే. దానికి టిక్కెట్టు ఏంటికి?"

శెట్టి తెర పక్క నుంచి, పెదవులు కదలకుండా, "మామా, ఆ మాదిరే, ఆ మాదిరే," అంటున్నాడు. ఎవరో శెనక్కాయ విసిరారు. అది షేర్వానీ బొత్తానికి తగిలి కింద పడింది. ముందు వరసలో ఒక ఆడమనిషి బిడ్డను ఒళ్ళోకి లాక్కుని, జాలిగా, ముఖం పక్కకు తిప్పుకుంది.

ఆ జాలికి ఆయన ఓర్చుకోలేకపోయాడు.

ఒకసారి దగ్గాడు. తల కొంచెం వంచాడు. గొంతు ముక్కులోకి ఎక్కించి, సన్నగా వణికించి, "తాళపు చెవిదేమున్నది నాయనా!" అన్నాడు.

డేరా ఒక్కసారిగా మూగబోయింది. మిగతాదంతా ఆ పిల్లవాడు చెప్పినట్టే చెప్పాడు. ఎక్కడ సాగదీశాడో అక్కడ సాగదీశాడు. వెక్కవలసిన చోట వెక్కాడు కూడా. ఒక్కసారి వింటే ఏ గొంతునైనా పట్టుకోవడం ఆయనకు చిన్నప్పటి నుంచి ఉన్న విద్య. అయిపోగానే డేరా గుడ్డ ఎగిరిపోతుందేమో అన్నట్టు చప్పట్లు కొట్టారు. శెనక్కాయ విసిరినవాడేనేమో, ముందుకు వచ్చి ఆయన కాళ్ళకు మొక్కబోయాడు.

"నువ్వే మామా, నువ్వే! ఇందాక తమాషా చేసినావు గదా మాతో!"

"ఊ," అన్నాడు హుమాయున్.

*

రెండో ఆట అయ్యాక శెట్టి పడుకునేందుకు చోటు చూపించినా ఆయన నిలవలేదు. పత్తి లారీ ఒకటి దొరికితే ఎక్కి ప్రొద్దుటూరు చేరాడు. అఖ్తర్ బీ తలుపు తీసి, ముఖం చూసి, నీళ్ళు ఇచ్చింది. పొద్దున్నే ఆయన షేర్వానీని ఎండకు వేస్తూ అడిగింది.

"విన్నారా?"

"విన్నారు."

"నీ మాట విన్నారా?"

హుమాయున్ మొఖం కడుక్కుంటున్నవాడు చెంబు కింద పెట్టాడు. దాచే ఓపిక లేదు. "వద్దన్నారు," అన్నాడు. "వాడి మాదిరి చెప్పినా. రెండాటల్లోనూ చెప్పినా. బాగా చెప్పినా."

ఆమె షేర్వానీ చేతులు లాగి ముడతలు పోయేట్టు దులిపింది. చాలాసేపు దులిపింది.

"పులివెందులకు నేనూ వస్తా. షాహీదాను చూసి ఏడాది అయింది," అంది. షాహీదాబీ ఆమె చెల్లెలు. చెల్లెలి మాట ఈ మధ్య ఎత్తినదే లేదు.

సినిమా డబ్బాలు కూడా ఆ బస్సు మీదనే వచ్చాయి. వాటితో పాటు శెట్టి డేరాల ఆపరేటరు ఓబులేసు వచ్చాడు. ముద్దనూరు దాటాక రోడ్డు గతుకులకు పైన డబ్బాలు గలగలమంటే, ఓబులేసు కిటికీలో నుంచి తల బయటపెట్టి పైకి చూసి, "మెల్లగాప్పా, లోపల రాజులుండారు!" అని డ్రైవరును కేకలేశాడు. హుమాయున్ శాలువా కప్పుకుని కళ్ళు మూసుకున్నాడు. ఒళ్ళు మళ్ళీ వెచ్చబడుతోంది. బయట బీడు పొలాలు, నల్ల బండలు. అఖ్తర్ బీ తన భుజాన్ని ఆయన తలకు ఆనేట్టు కొంచెం జరిపింది.

పులివెందులలో డేరా ఊరి చివర, శెనగ తీసేసిన చేలో వేశారు. భార్యను చెల్లెలింట్లో దించి, నిద్ర పట్టక, హుమాయున్ అక్కడికే నడిచాడు. పగటిపూట డేరా లోపల పచ్చగా, ఉక్కగా ఉంది. ఓబులేసు మిషిను దగ్గర పీట మీద కూర్చుని తెగిన ఫిలింను బ్లేడుతో గీకి అతికిస్తున్నాడు. ఇద్దరిదీ ఒకటే కాలం. మాటలు రాని బొమ్మలు ఆడిన రోజుల్లో ఓబులేసు మిషినుకు పిడి తిప్పేవాడు. తెర పక్కన బెత్తం పట్టుకుని నిలబడి, బొమ్మలో ఎవరేం అంటున్నారో జనానికి కేకేసి చెప్పే పని హుమాయున్‌ది. మీసాలు రాని వయసులో ఆయన మొదటి వేషం అదే.

"కూర్చో అన్నా. మొఖం ఏంది అట్లయింది?"

"ఓబులేసూ, ఆ సీనులో గొంతు నాది కాదు."

ఓబులేసు అతుకు మీద బొటనవేలు అదిమి పట్టుకున్నాడు. "తెలుసు," అన్నాడు.

"తెలుసా?"

"నిన్న రెండాటలు ఆడించినా గదా. నీ గొంతు నేను ఎరగనా? నువ్వేమీ అనకపోతివి, నేనేంటికి అనేదని ఊరకుండా." ఫిలింను వెలుతురుకు ఎత్తి చూశాడు. "కోపం తెచ్చుకోవద్దన్నా, ఒక మాటంటా. ఆ కాలంలో తెల్లదొర బొమ్మలో నువ్వేం చేసినావు? దొరసాని ఏడుస్తాంటే, 'నా బర్రె తప్పిపోయెనే!' అని పలికిస్తివి. జనం కింద పడి దొర్లినారు. ఆ యమ్మ నిజంగా ఏమన్నిందో, పాపం."

హుమాయున్‌కు నవ్వు వచ్చింది. ఆ నవ్వు దగ్గులోకి దిగింది. దగ్గు ఆగాక తెర వైపు చూస్తూ కూర్చున్నాడు. నాలుగు మోకులకు బిగించి కట్టిన తెల్లటి గుడ్డ. వెనక నుంచి ఎండ పడి గుడ్డలో నేత కనబడుతోంది. దాని వెనక బల్ల మీద పెట్టిన సౌండు పెట్టె నీడగా కనబడుతోంది.

"ఓబులేసూ, బొమ్మ ఆడుతానే ఉండాల. మాట మాత్రం ఆగాల. అయితాదా?"

"సౌండుకు దీపం వేరే ఉంటాది. అది ఆర్పితే బొమ్మ మూగదే."

"ఆ ఒక్క సీనుకు ఆర్పుతావా?"

ఓబులేసు ఆయన వైపు తిరిగి చూశాడు. ఏం అడుగుతున్నాడో అర్థమయ్యేసరికి చేతిలోని బ్లేడు పక్కన పెట్టాడు.

"శెట్టి నన్ను పీకుతాడు."

"పీకుతాడు."

"దీపం కాలిపోయిందంటాలే. నిజంగా కాలిపోయినప్పుడు గూడా తిట్టేదే ఆయప్ప." బ్లేడు మళ్ళీ అందుకుని, "మైకు అంత దూరం రాదన్నా. తీగ పొట్టి," అన్నాడు.

"మనం మొదలుపెట్టిన కాలంలో మైకు యాడుండేది?" అని హుమాయున్ లేచాడు.

*

మొదటి ఆట మొదలయ్యాక ఆయన డేరా చుట్టూ తిరిగి తెర వెనక్కు చేరాడు. శెట్టి టిక్కెట్ల దగ్గర ఉన్నాడు. రీలు అయ్యాక వస్తాడులే అనుకుని వెతకలేదు. తెర వెనక దున్నిన మట్టి గడ్డలు, మోకులు కట్టిన గూటాలు. సౌండు పెట్టె ఒళ్ళు వణికేట్టు మోగుతోంది. హుమాయున్ దాని పక్కన నిలబడి, పడిపోకుండా ఒక గూటం మోకు పట్టుకున్నాడు.

అటు నుంచి చూస్తే బొమ్మ తిరగబడి ఉంది. యువరాజు కత్తి ఎడమ చేతికి మారింది. కోట వాకిలి వచ్చింది. కావలివాడు వచ్చాడు. ఇంత దగ్గర నుంచి తన ముఖాన్ని ఆయన ఎప్పుడూ చూడలేదు. తలుపు రెక్క అంత ముఖం. చెంప మీది గీత గుడ్డ ముడతలో కలిసిపోయింది.

సౌండు పెట్టె చటుక్కున ఆగిపోయింది. మిషిను చప్పుడు ఒక్కటే దూరంగా కటకటమంటోంది.

మొదటి మాటకు ఆయన ఆలస్యమయ్యాడు. పెదవులు కదిలిపోయాక గొంతు వచ్చింది.

"సౌండ్! సౌండ్!" నేల మీది జనం అరిచారు. ఈలలు. "శెట్టీ, నిద్రపోతాండావా? సౌండు పెంచప్పా!"

హుమాయున్ కడుపులో నుంచి ఊపిరి లాగాడు. "తీసుకో!" అన్నాడు. ఆ మాట డేరా వెనక కట్టు దాకా పోయి తగిలింది. జ్వరపు గొంతు గరగరలాడింది. ఈలలు తగ్గాయి. ఇప్పుడు ఆయన ఆలోచించడం మానేసి ఆ పెద్ద పెదవులనే చూస్తున్నాడు. అవి ఎక్కడ ఊపిరి పీలుస్తాయో ఆయన రొమ్ముకు తెలుసు.

"ఈ వాకిట్లో నుంచి పోయి తిరిగి రానోళ్ళు శానామంది ఉండారు. పొద్దు గూకితే వాళ్ళ కోసం తలుపు ఓరగా పెట్టేది నాకు అలవాటు."

శానామంది అన్నచోట పెదవీ మాటా ఒకటయ్యాయి. ఇక తప్పలేదు. అప్పుడు పెదవులు ఆగాయి. గండికోట మీద ఇక్కడ ఒక గాలి విసురు వచ్చి కళ్ళలో దుమ్ము కొట్టింది. అందుకే ఆగాడు. మద్రాసు పిల్లవాడు ఆ ఖాళీ చూసి భయపడి ఒక వెక్కు పెట్టాడు. హుమాయున్ ఏమీ పెట్టలేదు. తెర మీద ముసలివాడు కళ్ళు చికిలించుకుని నిలబడి ఉన్నాడు. అవతల అంతమంది జనం ఉన్నారన్న జాడే లేదు. ఒక పిల్ల దగ్గింది.

"నీకు తాళం ఇస్తా నాయనా. ఆ అలవాటు ఎట్లా ఇచ్చేది?"

కత్తి లేచింది. సౌండు పెట్టె గుర్రుమని మోగి వాయిద్యాలు అందుకుంది. హుమాయున్ మోకు వదిలి మట్టి గడ్డల మీద కూలబడ్డాడు. దగ్గు తెరలు తెరలుగా వచ్చింది. వాయిద్యాల మోతలో ఎవరికీ వినిపించలేదు. షేర్వానీ చేత్తో నోరు తుడుచుకుని చూస్తే, గుడ్డ మీద బొమ్మ పోయి తెల్లటి వెలుతురు మిగిలింది. అవతల దీపాలు వెలిగాయి.

శెట్టి ఓబులేసును తిడుతున్న తిట్లు వినిపించాయి. తర్వాత ఆయన అడుగుల చప్పుడు.

"మామా! ఈడేం చేస్తాండావు? జనం చూస్తాండారు. దరిద్రుడు సౌండు పోగొట్టినాడు, ఎట్లనో దానంతటదే వచ్చింది గాబట్టి సరిపోయింది. రా, రా. నిన్నటి మాదిరే చెప్పాల!"

జబ్బ పట్టుకుని నడిపించుకుపోయాడు. తెర ముందు దీపం కళ్ళలో కొట్టింది. ఆడవాళ్ళ పక్క, తడిక మీద నుంచి, ముసుగు వెనక్కు తోసుకుని అఖ్తర్ బీ నిలబడి ఉంది. పక్కన చెల్లెలు ఆమె చెయ్యి లాగి కూర్చోబెట్టాలని చూస్తోంది. ఆమె కూర్చోవడం లేదు.

శెట్టి చెప్పాడు. చప్పట్లు, ఈలలు. జనం సర్దుకుని ఎదురుచూశారు.

హుమాయున్ నోరు తెరిచాడు. గాలి వచ్చింది. ఇంకోసారి ప్రయత్నించాడు. గొంతులో ఏదో గీరింది, అంతే. మాట లేదు. శెట్టి మొఖం వెలవెలబోయింది. "జ్వరం, జ్వరం మా మామకు," అని జనం వైపు తిరిగి చేతులు జోడించాడు.

ఎవరూ ఏమీ విసరలేదు. ముందు వరసలో గొంతుక్కూర్చున్న ముసలి రైతు ఒకడు, తువ్వాలు భుజం మీద వేసుకుంటూ, పక్కవాడితో అన్నాడు. వినికిడి తగ్గినవాళ్ళు గట్టిగానే మాట్లాడతారు, డేరా అంతా విన్నది.

"పోనీలేప్పా, ముసలాయన్ను ఏంటికి రాపాడేది. బయట ఏముంటాది? ఆయప్ప గొంతు సినిమాలోనే వినాల. ఇందాక విన్లా? మనింట్లో మనిషి మాట్లాడినట్లుండాది!"

హుమాయున్ ఆ మాట వచ్చిన వైపు తిరిగాడు. చెయ్యి నుదుటి దాకా ఎత్తి, వంగి, సలాం చేశాడు.